సైనికుని రైఫిలు, వేటగాని రైఫిలు

రష్యాదేశంలో ఉరాలు పర్వతాలకు పడమటి వైపున ఇజెవ్‌స్క్ అనే పట్టణం ఉన్నది. అక్కడి ఆయుధ కర్మాగారం 1807లో స్థాపింపబడినది. ఆ కర్మాగారంలో తయారైన రెండు రైఫిళ్ళను ఒక బల్లమీద ప్రక్కప్రక్కన ఉంచి, వీటిలో యుద్ధానికి పోయేది ఏది, వేటకు పోయేది ఏది అని అడిగితే, తుపాకులతో పరిచయం లేనివారు తేల్చి చెప్పలేరు. పరిచయం ఉన్నవారు కూడ చేతిలోకి తీసుకొని, గొట్టం కొసను, కొయ్య పిడిని ఒకసారి పరిశీలించిగాని చెప్పరు. మొదటిదాని పేరు ఎస్.వి.డి. రష్యను భాషలో ఆ మూడక్షరాలకు 'ద్రగునోవు చేసిన స్నైపరు రైఫిలు' అని అర్థం. రెండవదాని పేరు టిగ్ర్, అనగా పులి. ఒకటి సైన్యానిది, రెండవది పౌరునిది. రెండింటి ఎముకల గూడు ఒక్కటే.

ఏ దేశంలోనైనా ప్రభుత్వం ఒక గీత గీయక తప్పదు. ఈ ఆయుధం సైనికునికి మాత్రమే, ఈ ఆయుధం పౌరునికి కూడ ఇవ్వవచ్చును అని నిర్ణయించక తప్పదు. కాగితంమీద ఆ గీత గీయడం సులభం. ఉక్కుమీద అది ఎక్కడ పడుతుంది? ఏ మర తీసివేస్తే, ఏ ముక్క కోసివేస్తే యుద్ధాయుధం వేట సాధనమవుతుంది? ఈ ప్రశ్నకు సమాధానం వెతకడానికి ఈ రెండు రైఫిళ్ళకంటె తగిన జత నాకు కనిపించలేదు.

ముందు వీటిని నిర్మించిన మనిషి సంగతి చెప్పాలి. యెవ్గేని ఫ్యోదొరొవిచ్ ద్రగునోవు 1920లో ఆ ఇజెవ్‌స్క్‌లోనే పుట్టినాడు. తుపాకుల పని ఆ ఊరిలో, ఆ కుటుంబంలో తరతరాలుగా ఉన్నదే. యుద్ధకాలంలో ఆయన సైన్యంలో తుపాకులు మరమ్మతు చేసే పనివాడు. ఏ తుపాకి ఎక్కడ విరుగుతుందో, ఏ భాగంలో మట్టి చేరుకుంటుందో చేతులతో తెలుసుకున్నవాడు. యుద్ధం ముగిసిన తరువాత కర్మాగారంలో చేరి, ఎక్కువకాలం పోటీల రైఫిళ్ళు తయారుచేసినాడు. అంటే కాగితపు లక్ష్యాన్ని కొట్టడానికి క్రీడాకారులు వాడే రైఫిళ్ళన్నమాట. ఈ విషయం గుర్తుంచుకోదగినది. సైన్యపు రైఫిలు నుండి పౌరుని రైఫిలు పుట్టిందని మనం చెప్పుకోబోతున్నాము గాని, దానికంటె ముందు క్రీడాకారుని రైఫిలు నుండి సైన్యపు రైఫిలు పుట్టినది. (ఆ ప్రాంతంలోనే, ఇజెవ్‌స్క్‌కు ఎంతో దూరంలేని వోత్కిన్‌స్క్ అనే ఊరిలో, 1840లో సంగీతకర్త చైకోవ్‌స్కీ జన్మించినాడు. ఆయన తండ్రి అక్కడి ఇనుప కర్మాగారానికి అధికారి. రేడియోలో పనిచేసేవాణ్ణి గనుక ఈ మాట చెప్పకుండా దాటిపోలేకపోయినాను.)

1958 ప్రాంతంలో సోవియట్ సైన్యం ఒక కొత్త రైఫిలు కావాలని అడిగినది. అప్పటికి సైన్యంలో గురికాండ్ర చేతిలో ఉన్నది 1891 నాటి మోసిన్ రైఫిలు. దానికి దుర్భిణి తగిలించి రెండవ ప్రపంచయుద్ధం నడిపినారు. స్టాలిన్‌గ్రాడ్‌లో వసీలి జైత్సెవ్ పేరు మోగినది ఆ రైఫిలుతోనే. అయితే అది ఒక్కొక్క గుండుకు చేతితో గడియ వెనుకకు లాగి, ముందుకు త్రోసి, క్రిందికి వంచవలసిన తుపాకి. మొదటి గుండు తప్పితే, రెండవది సిద్ధమయ్యేలోగా ఎదుటివాడు ఉండడు. దానికితోడు యుద్ధం తరువాత సైనికులందరికీ కలాష్నికోవ్ తుపాకులు వచ్చినవి. అవి దగ్గరి పోరాటానికి ఎంత గొప్పవైనా మూడు నాలుగువందల మీటర్లు దాటితే వాటి గురి సడలిపోతుంది. కనుక ఒక్కొక్క ప్లటూనులో ఒకడు, తక్కినవారితోపాటే నడుస్తూ, వారి తుపాకులకు అందని ఆరువందలు, ఎనిమిదివందల మీటర్ల దూరాన్ని అందుకోవాలి. వాని రైఫిలు తనంతట తానే తరువాతి తూటాను లోపలికి తీసుకోవాలి. మీట నొక్కడం తప్ప వానికి వేరే పని ఉండరాదు.

ఇక్కడ ఒక భేదం చెప్పుకోవాలి. స్నైపరు అనగానే మనకు ఒంటరిగా పొదలో రోజుల తరబడి పొంచి ఉండే మనిషి గుర్తుకు వస్తాడు. ద్రగునోవు రైఫిలు అటువంటి వానికోసం పుట్టలేదు. దళంతో కలిసి పరుగెత్తి, దళంతో కలిసి బురదలో పండుకొనే గురికాని కోసం పుట్టినది. దాని గుణాలకూ, లోపాలకూ మూలమిదే.

చిక్కు ఎక్కడ వచ్చిందంటే, సైన్యం కోరిన రెండు కోరికలు ఒకదానితో ఒకటి పొసగనివి. గురి తప్పకుండా ఉండాలంటే తుపాకి లోపలి భాగాలు ఒకదానికొకటి బిగువుగా అమరాలి. మంచులో, ఇసుకలో, బురదలో ఆగకుండా పేలాలంటే అవే భాగాలు కొంత వదులుగా ఉండాలి. బిగువైనది మొండికెత్తుతుంది, వదులైనది దారి తప్పుతుంది. ఈ పోటీలో సీమొనోవ్, కొన్‌స్తంతీనోవ్ వంటి అనుభవజ్ఞులైన నిర్మాతలు కూడ ఉన్నారు. నెగ్గినది మాత్రం పోటీ రైఫిళ్ళు చేసే ద్రగునోవు. కలాష్నికోవ్ తుపాకిలో పేలుడు వాయువు బలంతో కదిలే పిస్టను, దానికి అంటియున్న బరువైన భాగమంతా కలిసి వెనుకకు పోతుంది. ఆ కుదుపుకు గురి చెదురుతుంది. ద్రగునోవు పిస్టనును వేరుచేసినాడు. అది కొద్ది దూరం మాత్రమే కదిలి, ఒక దెబ్బ కొట్టి ఊరుకుంటుంది. కదిలే బరువు తగ్గినది, కుదుపు తగ్గినది. తూటా వెనుక మూసుకొనే బోల్టుకు రెండు పట్ల బదులు మూడు పట్లు పెట్టినాడు. తూటా వెనుకభాగాన్ని అది మూడు చోట్ల సమానంగా పట్టుకుంటుంది. పైకి చూస్తే కలాష్నికోవ్‌కు తమ్ముడివలె కనిపించే ఈ రైఫిలు లోపల వేరు జాతిది. పిడి కొయ్యలో బొటనవ్రేలు దూర్చడానికి వీలుగా ఒక పెద్ద రంధ్రం కనిపిస్తుంది. అది పోటీ రైఫిళ్ళ నుండి నేరుగా తెచ్చి పెట్టినదే. హైదరాబాదులో పెరిగిన గగన్ నారంగ్ 2012 లండన్ ఒలింపిక్సులో కాంస్యపతకం గెలుచుకొన్నప్పుడు పత్రికలలో వచ్చిన చిత్రాలు చూచినవారికి, క్రీడాకారుని రైఫిలు పిడి మనిషి శరీరానికి ఎట్లా ఒదిగేటట్లు మలచబడుతుందో తెలుసును.

1963లో సోవియట్ సైన్యం ఈ రైఫిలును స్వీకరించినది. పొడవు 1225 మిల్లీమీటర్లు, గొట్టం 620 మిల్లీమీటర్లు, దుర్భిణితో కలిపి బరువు నాలుగు కిలోలమీద కొద్దిగా. పెట్టెలో పది తూటాలు. తూటా మాత్రం పాతదే. 1891లో మోసిన్ రైఫిలుతోపాటు వచ్చిన 7.62 మిల్లీమీటర్ల అంచు తూటా. తుపాకి మారినా తూటా మారకపోవడం సైన్యాలలో సాధారణం. గోదాములలో కోట్ల కొలదిగా ఉన్నదానిని పారవేయరు గదా. అయితే మరతుపాకికి చేసిన తూటాతో గురికాని పని జరగదని త్వరలోనే తేలి, 1967లో ఈ రైఫిలు కోసం ప్రత్యేకంగా ఒక తూటా తయారుచేసినారు. దాని గుండు 9.8 గ్రాములు. గొట్టం నుండి వెలువడేటప్పుడు సెకనుకు సుమారు 830 మీటర్ల వేగం.

ఈ వేగం ఎటువంటిదో శబ్దంతో పోల్చి చెప్పడం నా వృత్తికి తగిన పని. శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది. ఆరువందల మీటర్ల దూరానికి ఈ గుండు ఇంచుమించు ఒక సెకనులో చేరుతుంది. తుపాకి మ్రోత అక్కడికి చేరడానికి మరి ముప్పాతిక సెకను పడుతుంది. అంటే తగిలిన మనిషి ఆ చప్పుడు వినడు. ప్రక్కనున్నవారు వింటారు.

దశరథుడు చప్పుడును బట్టి బాణం వేసిన కథ మనకు తెలిసినదే. సరయూ తీరంలో కుండలో నీళ్ళు నిండే శబ్దాన్ని ఏనుగు నీరు త్రాగే శబ్దమనుకొన్నాడు. ఆయన చేతిలోనిది వేటవిల్లా, యుద్ధపు విల్లా అని ఎవరూ అడగలేదు. ఆ కాలంలో రెండూ ఒకటే. ఈ రెండింటినీ చట్టంలో వేర్వేరు పద్దులకింద వ్రాసి పెట్టడం నవీనకాలపు పని.

దుర్భిణి విషయానికి వద్దాము. ఎస్.వి.డి.తో వచ్చిన దుర్భిణి వస్తువును నాలుగు రెట్లు పెద్దదిగా చూపుతుంది. దానిలోకి చూస్తే మధ్యలో గురి చూచుకొనే బాణపు మొన గుర్తులు, వాటికి అటునిటు చిన్న గీతలు, ఎడమవైపు క్రిందిభాగంలో మెట్టుమెట్టుగా వంగిన ఒక గీత కనిపిస్తవి. ఈ వంపు గీత దూరం కొలిచే సాధనం. ఎదుట నిలుచున్న వ్యక్తి పాదాలను అడ్డుగీతమీద నిలిపి, తల ఏ అంకె దగ్గర వంపు గీతను తాకుతుందో చూస్తే, అతడు రెండువందల మీటర్ల దూరంలో ఉన్నాడా, ఆరువందల మీటర్ల దూరంలో ఉన్నాడా తెలిసిపోతుంది. ఈ లెక్కకు ఆధారంగా తీసుకొన్న ఎత్తు 1.7 మీటర్లు. అనగా ఐదడుగుల ఏడంగుళాలు, సాధారణమైన ఒక మనిషి ఎత్తు. తుపాకి మొత్తంలో, ఇది దేనికోసం తయారైనదో దాపరికం లేకుండా చెప్పే భాగం ఇదొక్కటే అని నాకనిపిస్తుంది. ఉక్కు గొట్టానికి ఎదుట ఉన్నది మనిషో, దుప్పో తెలియదు. ఈ గీతకు తెలుసును. చిత్రమేమంటే, వేటగాండ్రకు అమ్మే దుర్భిణులలో కూడ కొన్నింటిలో ఆ 1.7 మీటర్ల గీత అలాగే ఉండిపోయినది.

ఇక పులి తుపాకి. 1970 ప్రాంతంలో దీనిని కొద్ది సంఖ్యలో చేసినారు. సోవియట్ కాలంలో రైఫిలు సామాన్యునికి అందే వస్తువు కాదు. సైబీరియా వంటి చోట్ల వేటే వృత్తిగా బ్రతికేవారికి, మరి కొందరికి మాత్రమే లభించేది. 1991లో సోవియట్ రాజ్యం విచ్ఛిన్నమైనది. అదే సంవత్సరంలో ద్రగునోవు కూడ మరణించినాడు. సైన్యం నుండి ఆర్డర్లు తగ్గి, కర్మాగారాలలో జీతాలు ఇవ్వడమే కష్టమైన ఆ రోజులలో ఇజెవ్‌స్క్ వారికి పౌరుల మార్కెట్టు అవసరమైనది. పులి తుపాకి అప్పుడు విరివిగా బయటికి వచ్చినది.

సైన్యపు రైఫిలును పౌరుని రైఫిలుగా మార్చడానికి ఏమి చేసినారు? బాయొనెట్టు తగిలించే కొక్కెం తీసివేసినారు. వేటగానికి దానితో పనిలేదు. గొట్టం కొసన ఉండే, పేలినప్పుడు మంటను దాచే పొడవైన తొడుగు తీసివేసినారు. గొట్టాన్ని కురచ చేసినారు. 620 మిల్లీమీటర్ల గొట్టంతో కూడ కొన్ని తయారైనవి కాని, ఎక్కువగా కనిపించేది 530 మిల్లీమీటర్లది. దానివల్ల గుండు వేగం కొద్దిగా తగ్గుతుంది, దట్టమైన అడవిలో నడిచేవానికి చేతిలో ఇముడుతుంది. వాయువు ఒత్తిడిని హెచ్చించి తగ్గించే చిన్న మర సైన్యపు రైఫిలుకు ఉన్నది. వందల గుళ్ళు కాల్చి మసి పేరుకొన్నప్పుడు సైనికుడు దానిని త్రిప్పుకుంటాడు. వేటగాడు రోజుకు రెండు గుళ్ళు కాలిస్తే గొప్ప. కనుక అదీ పోయినది.

ఇవన్నీ పైపై మార్పులు. ప్రాణాలు తీసే శక్తిలో చెప్పుకోదగిన మార్పు వీటివల్ల ఏమీ రాలేదు. గొట్టం కురచ కావడం పౌరుల లక్షణం కూడ కాదు. 1990 తరువాత పారాట్రూపు దళాలకోసం మడతపిడితో చేసిన ఎస్.వి.డి.కి కూడ గొట్టాన్ని 565 మిల్లీమీటర్లకు తగ్గించినారు.

అసలైన మార్పు కంటికి కనిపించనిది. తూటా కూర్చునే గదిలో ఒక సూక్ష్మమైన మొన అమరుస్తారు. పేలిన తరువాత బయటపడే ఇత్తడి లేక ఉక్కు తొడుగుమీద అది ఒక గుర్తు వేస్తుంది. అంతేకాదు. ప్రతి పౌర రైఫిలునూ ముందుగా కాల్పించి, ఆ గుళ్ళను, తొడుగులను పోలీసువారు తమ భాండాగారంలో భద్రపరుస్తారు. రేపు ఏదైనా నేరం జరిగినచోట ఒక తొడుగు దొరికితే, అది ఏ రైఫిలుదో, ఆ రైఫిలు ఎవరిదో వెదికి పట్టుకోవచ్చును. సైనికుని రైఫిలుకు ఈ ఏర్పాటు లేదు. సైనికుని గుండు ఎవరిదో తెలియవలసిన పని యుద్ధంలో ఎవరికీ లేదు గదా. రష్యాలో 1996 నాటి ఆయుధ చట్టం ప్రకారం పౌరుని తుపాకి ఒక్క నొక్కుకు ఒక్క గుండే పేల్చాలి, పెట్టెలో పదికి మించి తూటాలు పట్టరాదు. రైఫిలు కొనాలంటే అంతకుముందు ఐదేండ్లపాటు నున్నని గొట్టపు తుపాకి కలిగియుండి, దానిని సక్రమంగా వాడి ఉండాలి. 2021లో కజాన్ నగరంలో ఒక పాఠశాలలో జరిగిన కాల్పుల తరువాత ఈ నిబంధనలను మరికొంత బిగించినారు. తుపాకి కొనడానికి కనీస వయస్సును చాలావరకు ఇరవైయొకటికి పెంచినారు. ఎస్.వి.డి. కూడ ఒక్క నొక్కుకు ఒక్క గుండే పేల్చేది, పది తూటాలదే కావడంచేత, పులి తుపాకి ఈ చట్టంలో ఏ ఇబ్బందీ లేకుండా ఇమిడిపోయినది.

ఇప్పుడు ఒక వింత. గొట్టం లోపల మెలిదిరిగిన గాళ్ళు ఉంటవి. గుండు వాటి వెంబడి తిరుగుతూ బయటికి వచ్చి, బొంగరంలాగా గాలిలో నిలకడగా పోతుంది. మొదట ఎస్.వి.డి.లో ఈ గాడి 320 మిల్లీమీటర్ల పొడవుకు ఒక చుట్టు తిరిగేది. సైన్యం గురికాని చేత మనిషినే కాక, ఇనుప రేకులను, వాహనాలను కూడ కొట్టించదలచినది. కవచాన్ని ఛేదించి నిప్పంటించే గుండు పొడవైనది. అది నిలకడగా పోవాలంటే మరింత వేగంగా తిరగాలి. అందువల్ల 1970 తరువాతి సంవత్సరాలలో గాడిని 240 మిల్లీమీటర్లకు ఒక చుట్టుగా మార్చినారు. దానితో మామూలు గురికాని తూటా చెదురుపాటు సుమారు ఐదవవంతు పెరిగినది. ద్రగునోవు మొదట ఉద్దేశించినది 320. కవచాలతో పనిలేని పులి తుపాకులలో చాలావాటికి ఆ పాత 320 మెలికే పెట్టినారు. అనగా నిర్మాత మనసులోని గొట్టపు మెలిక సైనికుని చేతినుండి పోయి, వేటగాని చేతిలో మిగిలినది.

అయితే వేటగాని గురి మంచిదని తేల్చవచ్చునా? అంత సులువు కాదు. తుపాకి ఎంత మంచిదైనా తూటా చెప్పినట్లు వినాలి. సైనికునికి ప్రత్యేకమైన తూటా ఉన్నది. వేటగాడు కొట్టులో దొరికినది కొంటాడు. ఒక డబ్బాకూ మరొక డబ్బాకూ తేడా ఉంటుంది. రెండువందల మీటర్లలో దుప్పిని కొట్టడానికి ఏదైనా చాలును. దూరం పెరిగినకొద్దీ తేడా బయటపడుతుంది. ఓపికగా తూటాలు ఎంచుకొన్న వేటగాడు మాత్రం తన పులి తుపాకితో సైన్యపు గురికానికి తీసిపోడు.

తూటాల విషయంలో మరొక సంగతి ఉన్నది. నాకు ఈ పోలికలో అన్నిటికంటె ఆలోచింపదగినదిగా తోచినది ఇదే. కలకత్తా దాపున దమ్‌దమ్ అనే చోట బ్రిటిషువారి ఆయుధాగారం ఉండేది. పందొమ్మిదవ శతాబ్ది చివరి సంవత్సరాలలో అక్కడి అధికారి బెర్టీ క్లే అనే కెప్టెను, కొసన రాగితొడుగు లేకుండా సీసం బయటికి కనిపించే గుండును తయారుచేసినాడు. అది శరీరంలో ప్రవేశించగానే పుట్టగొడుగువలె విచ్చుకొని ఘోరమైన గాయం చేస్తుంది. వాయవ్య సరిహద్దులలో తిరుగుబాటుదారులమీద వాడడానికి చేసినది. ప్రపంచమంతటా గగ్గోలు పుట్టి, 1899లో హేగ్ నగరంలో సమావేశమైన రాజ్యాలు, శరీరంలో విచ్చుకొనే గుండును యుద్ధంలో వాడరాదని ప్రకటించినవి. బ్రిటను మొదట అంగీకరింపక 1907లో చేరినది. మన దేశపు ఒక ఊరిపేరు ఆ విధంగా ప్రపంచ భాషలలో ఒక క్రూరమైన వస్తువుకు పేరైనది.

నాటినుండి సైనికుడు వాడేది పూర్తిగా లోహపు తొడుగుగల గుండు. కాని వేటలో నీతి దీనికి తలక్రిందులు. తొడుగు గుండు జంతువు శరీరంలో ఒక ప్రక్కనుండి దూరి మరొక ప్రక్కకు సన్నని బెజ్జంతో పోతుంది. గాయపడిన జంతువు మైళ్ళకొలది పారిపోయి, రోజుల తరబడి బాధపడి చస్తుంది. అందుచేత మంచి వేటగాడు విచ్చుకొనే గుండునే వాడతాడు. ఐరోపాలో పలు దేశాలలో పెద్ద జంతువుల వేటకు అది తప్పనిసరి. పులి తుపాకికి అమ్మే వేట తూటాలలో సుమారు 13 గ్రాముల మెత్తని ముక్కు గుండు బాగా వాడుకలో ఉన్నది. ఇటు, కవచాన్ని ఛేదించేవి, నిప్పంటించేవి పౌరులు కలిగియుండడం రష్యా చట్టం ప్రకారం నేరం. సైనికుని గుండు వేటగానికి నిషిద్ధం, వేటగాని గుండు సైనికునికి నిషిద్ధం. రెండు రైఫిళ్ళూ ఏ గుండునైనా ఒకేలాగా పేలుస్తవి.

రాకపోకలు ఒక్కవైపే సాగలేదు. పులి తుపాకులలో పెద్ద ఎలుగుబంట్లకోసం 9.3 మిల్లీమీటర్ల తూటాతో ఒకటి చేసినారు. ఆ తూటా వాస్తవానికి జర్మనీలో బ్రెనెకె అనే ఆయన వేటకోసం చేసినది. కవచం తొడిగిన సైనికులను ఎదుర్కొనడానికి బలమైన తూటా కావలసి వచ్చినప్పుడు రష్యా సైన్యం దానినే చేపట్టి, 2006లో ఎస్.వి.డి.కె. అనే పెద్ద రైఫిలును స్వీకరించినది. ఎలుగుబంటికి ఉద్దేశించినది మనిషికి తిరిగి వచ్చినది.

మన దేశానికీ ఈ రైఫిలుతో సంబంధం ఉన్నది. భారత సైన్యం ఎస్.వి.డి.ని అనేక సంవత్సరాలుగా వాడుతున్నది. కాని పులి తుపాకి మన బజారులో దొరకదు. సైన్యపు తూటాలు పేల్చే రైఫిళ్ళు మన చట్టంలో సాధారణంగా నిషిద్ధాయుధాల పద్దులోకి పోతవి. మనదైన జత వేరొకటి ఉన్నది, అది ఇంతకంటె పాతది. బ్రిటిషువారి సైన్యపు రైఫిలు .303. అదే యంత్రాంగంతో ఇషాపూరు రైఫిలు కర్మాగారంలో పౌరులకోసం తయారైన వేట రైఫిలు .315. ఈ రెండవదాని తూటా ఆస్ట్రియా దేశపు పాత మాన్లిషర్ తూటాకు సోదరి. సైన్యంలో అది ఎవరూ వాడనిది కనుకనే దానిని ఏరికోరి తెచ్చినారు. సైన్యపు గోదాము నుండి .303 తూటాలు దొంగిలించినా వాటిని ఆ రైఫిలులో పేల్చడానికి వీలు లేదు. పోలీసులకు, జైలు కాపలావారికి ఇచ్చిన వాటి విషయంలో దొరలు మరొక అడుగు వేసినారు. .303 రైఫిలు గొట్టంలోని గాళ్ళను తొలిచి నున్నగా చేసి, .410 మస్కెట్టుగా మార్చినారు. తమ కొలువులోని పోలీసును కూడ వారు సగమే నమ్మినారన్నమాట. తుపాకి చరిత్ర చదివితే ప్రభుత్వానికి ఎవరిమీద ఎంత భయమో తెలుస్తుంది. 1878లో లిట్టను ప్రభువు చేసిన ఆయుధాల చట్టం భారతీయుల చేతినుండి తుపాకి తీసివేసినది. యూరోపియనులకు మినహాయింపు ఇచ్చినది. 1922 ఆగస్టులో అల్లూరి సీతారామరాజు చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసుఠాణాలమీద పడి మొట్టమొదట పట్టుకొన్నవి తుపాకులే.

స్వతంత్రం వచ్చిన తరువాత 1959లో కొత్త ఆయుధ చట్టం వచ్చినది. జాతిభేదం పోయినది, లైసెన్సు మిగిలినది. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంతో వేట అనే మాటకే చోటు లేకపోయినది. పంటలను నాశనం చేసే అడవిపందుల వంటి వాటిని ప్రత్యేకానుమతితో కొట్టడం తప్ప .315కు ఇప్పుడు వేట లేదు. చాలా ఇండ్లలో అది ఆత్మరక్షణ పేరున, కొన్నిచోట్ల హోదా పేరున బీరువాలో ఉంటుంది. ఎన్నికలు వచ్చినప్పుడు దానిని గుడ్డలో చుట్టి ఠాణాకు తీసుకొనిపోయి అప్పగించి, రసీదు తెచ్చుకోవడం మన పల్లెలలో పెద్దలకు అలవాటైన పని. 2019 సవరణతో ఒక మనిషికి మూడు తుపాకులు ఉండవచ్చునన్న పరిమితి రెండుకు తగ్గినది.

మన .315 విషయంలో గీత ఉక్కుమీదనే గీయబడినది. తూటా వేరు, గొట్టం వేరు. రష్యనులు తూటా మార్చలేదు, గొట్టం పెద్దగా మార్చలేదు. తుపాకిని గుర్తుపట్టడానికి ఒక మొన పెట్టి, మిగిలినదంతా మనిషిని పరీక్షించడంమీద వదలినారు. మొదటి పద్ధతి దొంగను ఆపుతుంది. రెండవది దొంగను పట్టిస్తుంది. ఏది మేలని అడిగితే, దొంగతనం ఎక్కడినుండి జరుగుతుందని భయపడుతున్నామో దానినిబట్టి ఉంటుంది. సైన్యపు గోదాము భయమైతే మన పద్ధతి. లైసెన్సు గల మనిషే భయమైతే రష్యనుల పద్ధతి. అయితే మొన వేసిన గుర్తు పనికి వచ్చేది గుండు పేలిన తరువాతనే అని కజాన్ వంటి ఊళ్ళవారికి ఎవరూ చెప్పనక్కరలేదు.

ఇటీవలి పులి తుపాకులను చూస్తే మరొక ధోరణి కనిపిస్తుంది. కొనేవారికి వేట రైఫిలులాగా ఉండే రైఫిలు అక్కరలేదట. సైన్యపుదానిలాగే కనిపించాలట. కర్మాగారంవారు వారి కోరిక తీరుస్తున్నారు. కొయ్యపిడి పోయి నల్లని ప్లాస్టిక్ పిడి వచ్చినది. గొట్టం కొసన మంట దాచే తొడుగు కొన్నింటికి తిరిగి వచ్చినది. పారాట్రూపువారి రైఫిలుకు ఉండే మడతపిడి కూడ వచ్చినది. అయితే పిడి మడిచి ఉన్నంతసేపు మీట పనిచేయకుండా లోపల ఒక అడ్డు పెట్టినారు. తూటా గదిలోని ఆ చిన్న మొనను మాత్రం తీయలేదు.